రోకలి పడ్డదని చెప్పు

దమ్మాం
రంజాన్ పోయి నెల దాటింది, బక్రీదు ఇంకా రాలే
సోమవారం

తమ్ముడు బాలన్నకు అక్క లస్మవ్వ రాయించే కాయితం.

నా పేరు లస్మవ్వ. నా పేరు నీకు ఎరుక లేక గాదు. ఇది ముచ్చట కాయితం గాదు, ఫిర్యాదు కాయితం, అందుకని ముందుగాల పేరు చెప్తున్న. వయసు కాడ షైని కలం ఆపింది. "పాస్‌పోర్టులో ఉన్నది రాయనా, మీరు చెప్పేది రాయనా అమ్మా" అన్నది. రెండూ రాయమన్న. కాయితంల యాభై ఆరు. మోకాళ్ళల్ల డెబ్బై. ఇల్లు: మెట్‌పల్లి అవతల మన ఊరు. అండ్ల నా బిడ్డ సరళ ఒక్కతి, బీడీలు చేసుకుంట. ఇంకో ఇల్లు: దమ్మాంల మా సార్ ఇల్లు. అండ్ల నేను, ఇరవై రెండేండ్ల సంది, ఇంటి పనికి. ఏది నా ఇల్లో నువ్వే తేల్చుకో.

ఈ సంగతి నీకు ఫోన్ల నాలుగు మాట్లు చెప్పిన. నాలుగు మాట్లు "సైటుల ఉన్న అక్కా, మల్ల చేస్త" అన్నవు. ఫోన్ పెట్టేస్తె మాట పోతది. కాయితం పోదు. నీ మంచం మీద పడి ఉంటది, నీ రూమోళ్ళు ఏంది బాలన్నా అది అని అడుగుతరు. అందుకే రాయిస్తున్న. రాసేది షైని, భీమవరం దిక్కు పిల్ల, నర్సు. మా సార్ తల్లి, పెద్ద మేడం, మంచాన పడ్డది గద, ఆమె బీపీ చూడను, వీపు పుండ్లకు మందు పెట్టను సోమవారం, గురువారం వస్తది. ఈ కాయితం నీకు తెచ్చేది ఖయ్యూమ్, సార్ బండి తోలేటాయన, హైదరాబాద్ పాతబస్తీ మనిషి. ప్రతి ఆదివారం సార్‌ను జుబైల్ తీసుకొస్తడు, నీ క్యాంపు గేటు కాడ ఇచ్చి పోతడు. జవాబు ఆయన చేతికే ఇయ్యి. నువ్వు ఏడు దాక చదివినవు, చేతులు పడిపోలే.

నా ఫిర్యాదు ఇది. బక్రీదు అయిన నెలకు నా అకామా, ఇక్కడ ఉండే పర్మిట్, అయిపోతది. సార్ మల్ల రెండేండ్లకు చేపిస్తనంటున్నడు. నేను వద్దంటున్న. ఎగ్జిట్ పెట్టు, ఇంటికి పోత అంటున్న. ఆయన అది పెట్టకుంటె నన్ను దేశం దాటనియ్యరు. ఆయన చెడ్డోడు గాదు. ఒక్కనాడు చెయ్యి లేపలే, తిండికి తక్కువ చెయ్యలే. ఆయనకున్న రోగం ఒక్కటే, బుక్రా. ఏదడిగినా రేపు. రంజాన్ అయినంక అన్నడు, అయింది. చెల్లె పెండ్లి అయినంక అన్నడు. ఆ పెండ్లయి ఆ పిల్లకు ఇద్దరు పిల్లలు.

మొన్న శుక్రవారం మొగ చుట్టాలు కూసుండే మజ్లిస్‌ల ఆయన అన్నదమ్ములు, పెద్దమనుషులు కూసున్నరు. ఖహ్వా, వీళ్ళ కాఫీ, ఖయ్యూమ్ తీసుకపోవాలె. నేను ఆయన చేతులకెల్లి గుంజుకొని పోయిన. ట్రే కింద పెట్టి, పోకుంట అక్కడనే నిలవడ్డ.

"ఏంది లస్మా" అన్నడు సార్.

"ఎగ్జిట్" అన్న.

నవ్విండు. "నువ్వు చిన్నదానివి. మా అమ్మకు డెబ్బై రెండు, నీకు యాభై ఆరు. మా అమ్మ ఈడుదానివైతే నీతోని మంచినీళ్ళు తెప్పించుకోను నాకే సిగ్గయితుండె. ఆ పొద్దే పంపుదును."

"నేను మీ అమ్మ ఈడుదాన్నే."

"కాయితం అట్ల చెప్తలేదు."

"కాయితం నన్ను కన్నదా" అన్న. వాళ్ళ పెద్దన్న ఖహ్వా మింగలేక దగ్గిండు.

అప్పుడు సార్ అడిగిండు, నిన్ను చిన్నప్పటి సంది ఎరిగినోళ్ళు ఎవ్వలన్న ఉన్నరా అని. "నా తమ్ముడు జుబైల్‌ల ఉన్నడు. నేను సంకన మోసిన పోరడు" అన్న. "తీసుకరా. మా ముందర చెప్పి కాయితం మీద సంతకం పెడితే, నేను ఇక్కడ కూసుండే ఫోన్ల ఒక్క వేలుతోని ఎగ్జిట్ పెడుత" అన్నడు. పదిమంది విన్నరు. పదిమందిల అన్న మాట ఆయన తప్పడని ఖయ్యూమ్ అంటున్నడు.

నా కాయితంల వయసు ఎవడు రాసిండో నీకెరుకే. పాస్‌పోర్టు చేపించిన భూషణం. "నలభై ఎనిమిదేండ్ల ముసలిదాన్ని ఏ ఇంటోడు తీసుకపోతడవ్వా, ముప్పై నాలుగు రాసిన, పో" అన్నడు. బస్సు కిటికీల కెల్లి పాస్‌పోర్టు చేతిల పెట్టిండు. అప్పుడు నేను నవ్విన తమ్మీ. పద్నాలుగేండ్లు తగ్గినయని సంబురపడ్డ. అవి వెనుకకు వచ్చి నా మీదనే కూసుంటయని ఎరుక లేకపాయె.

సరళ మొన్న ఫోన్ల ఒక మాటన్నది. "అవ్వా, వస్తె నడిచేటప్పుడు రా. మోసుకొచ్చే నాడు రాకు." 

ఒక్క శుక్రవారం రా. అక్క పెద్దదని చెప్పు. అంతే.

లస్మవ్వ ఏలిముద్ర

(బాలన్న గారికి: అమ్మగారు చెప్పింది చెప్పినట్టే రాయమన్నారు. తిట్లు రెండు తగ్గించాను. షైని.)


జుబైల్
11 మే 2025

అక్కకు బాలన్న దండాలు.

కాయితం అందింది. ఖయ్యూమ్ భాయ్ మంచి మనిషి, గేటు కాడ ఎండల అర్ధగంట నిలవడ్డడు. రూముల అందరు అడిగిండ్రు, నువ్వన్నట్టే.

ఇక్కడ షట్‌డౌన్ నడుస్తున్నది. ప్లాంటు బంద్ పెట్టి లోపలి పైపులు, వాల్వులు మార్చుడు. యాభై రోజులల్ల మల్ల నడిపియ్యాలె, గేటు కాడ పెద్ద బోర్డు పెట్టిండ్రు, ఇంకా ఎన్ని రోజులున్నయో రోజూ తగ్గించి రాస్తరు. పన్నెండు గంటల డ్యూటీ, శుక్రవారం గూడ. నేను పైన స్కఫోల్డింగు, ఇనుప పైపుల మంచె, కడుతున్న. దిగేవరకు చేతులు నావి అనిపియ్యవు. ఈ నెల సెలవు దొరకదు.

అక్కా, ఒక మాట చెప్పనా, కోపం చెయ్యకు. సార్ మంచోడంటున్నవు. పెద్ద మేడంకు నువ్వు లేకుంటె నడువదు. రెండేండ్లు ఎంతసేపు, కన్ను మూసి తెరిచేవరకు పోతయి. మనకు ఇన్నేండ్లు పోలేదా. ఆ తర్వాత ఇద్దరం కలిసే పోదాం.

మోకాళ్ళకు మందు ఇక్కడ ఫార్మసీల కొని ఖయ్యూమ్ భాయ్‌కి ఇచ్చిన. తెల్లార, మాపు రాసుకో. సరళను అడిగినట్టు చెప్పు.

నీ తమ్ముడు
బాలన్న


దమ్మాం
నువ్వు పంపిన మందు డబ్బి మీద తారీఖు దాటిపోయిందని షైని చూసి చెప్పిన గురువారం

బాలన్నకు.

రెండేండ్లు ఎంతసేపు అన్నవు. నీకు బోర్డు మీద రాసి రోజూ తగ్గిస్తరు. నాకు ఎవ్వలు తగ్గిస్తలేరు. చెప్త విను, రెండేండ్లంటె ఏందో.

నాకు గడియారం రాదు. దినానికి ఐదు మాట్లు నమాజు పిలుపు, అజాన్, వస్తది. తెల్లారక ముందు ఫజ్ర్‌కు పెద్ద మేడంను పక్కకు తిప్పాలె. జుహర్‌కు గుండె గోలి, అంబలి. పొద్దు వాలంగ అసర్‌కు మల్ల తిప్పుడు, వీపు తుడుచుడు. మగ్రిబ్‌కు షుగరు గోలి. ఇషాకు బట్ట మార్చుడు. ఐదు మాట్లు వంగుడు, ఐదు మాట్లు లేసుడు. ఇసొంటి దినాలు ఏడు వందలకు పైన. లేసినప్పుడల్ల నా మోకాలు ఒక్క తీరుగ సప్పుడు చేస్తది. షైని విన్నది, అడుగు.

పెద్ద మేడంకు ఇప్పుడు ఈ కాలం ఎరుక లేదు. ఆమెకు పెండ్లయి మూడేండ్లేనట. మొగడు ట్రక్కు తోలుకొని పోయిండు, అసర్‌కు వస్తడట. ఆయన సచ్చిపోయి, నేను ఇక్కడికి వచ్చినన్ని ఏండ్లయింది. రోజుకు పది మాట్లు అడుగుతది, వచ్చిండా అని. అసర్ అయినంక వస్తడు మేడం అంట. అసర్ అయితది, మల్ల అడుగుతది. రేపు అసర్‌కు అంట. మొన్న ఆ మాట నోట్లకెల్లి వచ్చినంక నేనే ఆగిపోయిన. సార్ నాకు బుక్రా అంటడు, నేను ఆయన తల్లికి బుక్రా అంట. నాకు ఆయన మీద కోపం చెయ్యను గూడ మొఖం లేదు.

ఆమె నాకంటె పెద్దదేం గాదు. ఖయ్యూమ్ చెప్పిండు, వీళ్ళది చంద్రుని లెక్కనట, ఏడాదికి పదకొండు దినాలు తక్కువనట, అందుకే ఆమెకు రెండేండ్లు ఎక్కువ పడ్డయి. ఆమె లెక్క చంద్రుని చేతుల ఉన్నది. నా లెక్క భూషణం చేతుల.

ఇగ సాక్ష్యం నువ్వు ఏం చెప్పాలెనో నేనే చెప్త, నీకు తిప్పలు లేకుంట. పెద్ద గ్రహణం చెప్పు. మాఘమాసం, పగటి పూట పొద్దు కొడవలి తీరుగ సన్నమైంది, కోళ్ళు గూట్లకు పోయినయి. దేశమంత ఎరుగును. షైని ఫోన్ల చూసి నలభై ఐదేండ్లయిందన్నది. కాయితం లెక్కన ఆ పొద్దు నాకు పదకొండేండ్లు. పదకొండేండ్ల పిల్ల రెండో కడుపుతోని ఉంటదా? నా మొదటి బిడ్డ దక్కలే గనుక మా అత్త నన్ను చీకటి అర్రల చాప మీద పండవెట్టింది. కదలద్దు, గోకద్దు, ఏం ముట్టద్దు అన్నది. బయట వసారల ఇత్తడి పళ్ళెంల నీళ్ళు పోసి రోకలి నిలవెట్టింది. గ్రహణం ఉన్నంతసేపు రోకలి నిలవడి ఉంటది, విడిచిందంటె పడుతది. దానికి కావలి కూసున్నది ఎవ్వరు? నువ్వు. నన్ను చూసిపోను వచ్చినవు, పదిహేడేండ్లోనివి, మీసం మొలుస్తుండె. ఇది చెప్పు. ఇంతకన్న కాయితం ఏం కావాలె.

ఇంకొకటి అడుగుత. ఎన్నేండ్ల సందో అడుగుదామని అడుగలే. ప్రతి సెలవుల సరళకు చీరె తీసుకపోతవు, డబ్బాల నూనె తీసుకపోతవు. గడప మీద పెట్టి పోతవు. దాని మొఖం దిక్కు చూడవు. దానికి చిన్నప్పుడే దవాఖానల పెదవి కుట్టిచ్చిన, ఇప్పుడు సన్న గీత, అంతే. ఊరంత చూస్తది. నువ్వెందుకు చూడవు?

లస్మవ్వ ఏలిముద్ర


జుబైల్
25 మే 2025

అక్కా,

మందు సంగతికి తప్పయింది. చూసుకోలే.

నేను రాను. ఫోన్ల చెప్పలేక తప్పించుకున్న, కాయితంల తప్పించుకోను వస్తలేదు.

నీ ఒక్కదానిదే భూషణం చేతి రాత గాదు. నా పాస్‌పోర్టుల యాభై ఏడు. నాకు అరవై రెండని నీకెరుక. మా కంపెనీ అరవై దాటినోన్ని పైకి ఎక్కనియ్యదు, ఇంటికి పంపుతది. మీ సార్ ప్రతి ఆదివారం జుబైల్ ఎందుకు వస్తడనుకున్నవు? మా ప్లాంటుకు మనుషులను ఇచ్చేది ఆయన ఆఫీసే. నా కాయితం గూడ ఆయన ఆఫీసులనే ఉంటది. నేను ఆయన ముందర కూసుండి, పెద్ద గ్రహణం నాడు నాకు పదిహేడేండ్లు అంటె ఆయన లెక్క చెయ్యడా? నీ కాయితం తప్పని సంతకం పెట్టిన చేత్తోని నా కాయితం ఒప్పని ఎట్ల చూపియ్యాలె?

పంపితె ఏమైతదని అడుగుతవు. పైసల మాట గాదు. వచ్చి ముప్పై ఏండ్లయింది. రెండేండ్లకోపారి రెండు నెలలు. నేను ఇంటికాడ ఉన్న దినాలన్ని కూడితె రెండున్నర ఏండ్లు గూడ కాలే. నా బిడ్డ శ్రీలతకు ఇరవై ఎనిమిది. నాకు మాత్రం అది రెండేండ్ల పిల్లనే, అంతే చూసిన. పోయినపారి దానికి చాయ్‌ల చక్కెర ఎక్కువ వేసి ఇచ్చిన. "బాపూ, నేను చక్కెర మానేసి ఆరేండ్లయింది" అన్నది. మర్యాదగ అన్నది, చుట్టానికి చెప్పినట్టు. సగం తాగి పెట్టింది. అక్కడ పోయి నేనేం చెయ్యాలె? ఇక్కడన్న బోర్డు మీద రోజులు రాస్తరు.

సరళ సంగతి అడిగినవు. అది ఇప్పుడు అడుగకు.

బాలన్న


దమ్మాం
బక్రీదు అయిన మూడో దినం

బాలన్నకు.

సరే, రాకు.

ఇయ్యాల తిట్టను. షైని కలం పట్టుకొని తిట్ల కోసం చూస్తున్నది. లేవు.

పండుగ నాడు ఇంటినిండ చుట్టాలు. పెద్ద మేడంకు కొత్త బట్ట తొడిగి, సుర్మా పెట్టి కుర్చీల కూసుండవెట్టిన. అద్దం అడిగింది. ఇచ్చిన. చానసేపు చూసింది. అద్దంల ఉన్నామెకు సలాం చెప్పి, "ఈ ముసలామె ఎవ్వరు, పాపం, ఆమెకు ఖహ్వా పొయ్యి" అని నాతో అన్నది. నేను పోసి అద్దం ముందర పెట్టిన.  సార్ లేచి బయటికి పోయిండు.

ఆ పొద్దు నాకు తెలిసింది తమ్మీ. నేను ఇంకో రెండేండ్లు ఉంటె నాకు అద్దం ఇచ్చేటోళ్ళు గూడ ఇక్కడ ఎవ్వరుండరు.

నీ వయసు కాపాడుకో. నీ కాయితంల ఉన్న వయసే చెప్పి, అక్క ఎనిమిదేండ్లు పెద్ద అంటె చాలుననుకున్న. అట్లైన నాకు అరవై ఐదు పడుతయి, సార్‌కు సిగ్గుకు అవి సరిపోతయి. గ్రహణం చెప్పకున్నా సరే. అది గూడ నీకు బరువైతె వద్దు.

చక్కెర మాట చదివిచ్చుకొని విన్న. శ్రీలత చెడ్డ పిల్ల గాదు. దానికి గూడ నిన్ను చూసిన దినాలు అన్నే గద. అది నీకు చుట్టం ఎట్లనో, నువ్వు దానికట్లనే.

మోకాలికి షైని వేరే మందు ఇచ్చింది.

లస్మవ్వ ఏలిముద్ర


జుబైల్
22 జూన్ 2025

అక్కా,

ఎండ పెరిగింది. మధ్యాహ్నం మూడు గంటలు బయట పని బంద్. అందరు ఏసీ కంటైనర్ల గోడకు ఒరిగి పండుకున్నరు. నేను హెల్మెట్ ఒళ్ళ పెట్టుకొని దాని మీద కాయితం పెట్టి రాస్తున్న. పోయిన ఆదివారం ఖయ్యూమ్ భాయ్‌ని ఉత్త చేతులతోని పంపిన. నువ్వు తిట్టి ఉంటె రాయకపోదును.

నువ్వు అరవై ఐదు చాలన్నవు. గ్రహణం చెప్పకున్నా సరే అన్నవు. నాకు అడ్డమున్నది వయసు గాదు, గ్రహణమే.

ఆ పొద్దు రోకలికి కావలి కూసున్న. మీ అత్త లోపలికి బయటికి తిరుగుతున్నది. వెలుగు ఎట్లనో అయిపోయింది, నీడల అంచులు కత్తితోని కోసినట్టున్నయి. ఊరు సప్పుడు చేస్తలేదు. పళ్ళెంల నీళ్ళు కదులుతలేవు, రోకలి నిలవడి ఉన్నది. ఎవ్వరు పట్టుకోకుంట అదెట్ల నిలవడ్డదో చూడాలనిపించింది. నిజంగనే నిలవడ్డదా అని వేలుతోని ముట్టిన.

పడ్డది.

మీ అత్త వింటదని భయమైంది. గ్రహణం ఇంకా విడువలే, పొద్దు కొడవలి లెక్కనే ఉన్నది. నేను అర్ర తలుపు సందుల నోరు పెట్టి, "పడ్డదక్కా, ఇగ లే" అన్న. నువ్వు లేసిన సప్పుడు విన్న. నువ్వు కుండల నీళ్ళు ముంచిన సప్పుడు గూడ విన్న.

తర్వాత రోకలిని మల్ల నీళ్ళల్ల పెట్టిన. మల్ల నిలవడ్డది. పొద్దు మొత్తం విడిచింది, కోళ్ళు దిగినయి, జనం తానాలకు పోయిండ్రు. అది పడలే. చివరికి మీ అత్తనే వచ్చి తీసి గోడకు ఒరగవెట్టింది. దానికి ఏం ఎరుక లేదక్కా. అడుగు సమానముంటె ఎప్పుడైన నిలవడుతది. ఆ పొద్దే తెలిసింది నాకు. అయినా ఏడు నెలలకు సరళ పుట్టింది, మంత్రసాని బట్ట తీసి మొఖం చూపిచ్చింది, "గ్రహణం మొర్రి" అన్నది. మీ అత్త నిన్ను, కదిలినవు, కదిలినవు అని పదిమందిల తిట్టింది. నువ్వు ఒక్క మాటనలే. నేను దొడ్డి కాడ నిలవడి ఉన్న. చెప్పలే.

అది పాలు గుంజలేక ఏడుస్తుంటె నువ్వు దూదితోని పిండినవు. ఆ ఏడుపు విన్నంక నేను మీ ఇంట్ల రాత్రి ఉండలే. దాని మొఖం దిక్కు ఎందుకు చూడనని అడిగినవు గద.

ఆ రోకలి లెక్కన గ్రహణం ఇంకా విడువలే.

ఇప్పుడు నన్ను సాక్ష్యానికి రమ్మంటున్నవు. ఒక్కపారి నీకు కాలం చెప్పిన. అబద్ధం చెప్పిన.

బాలన్న


దమ్మాం
ఆ కాయితం విన్న సోమవారమే

తమ్మీ,

షైని చదువుకుంట చదువుకుంట ఆగింది. మల్ల చదువుమన్న. రెండోపారి విన్నంక నాకు నవ్వచ్చింది. ఏడుపు తర్వాత వచ్చింది. పెద్ద మేడం ఎందుకు నవ్వుతున్నవని అడిగింది. రేగుపండ్లు మేడం అన్న.

ఇప్పుడు నేను చెప్తున్నది మా అత్తకు చెప్పలే, నా మొగనికి చెప్పలే, సరళకు చెప్పలే. షైనీ, తగ్గించకు, అంత రాయి.

పొద్దుగాల్ల సంది నాకు తిండి లేదు. గ్రహణమని పొయ్యి మీద కుండ పెట్టనియ్యలే. రెండో నెల, కడుపుల మంట. చాప మీద పండి పండి యాష్టకొచ్చింది. ఆ అర్రల మూలకు గంపల రేగుపండ్లు ఉండె, అంగట్ల అమ్మనీకి తెచ్చినయి. వాసన వస్తుండె. మా అత్త అటు పోంగనే లేసిన. పిడికెడు తిన్న. మల్ల పిడికెడు తిన్న. గింజలు కొంగుల ముడి వేసుకున్న. నువ్వు తలుపు సందుల "పడ్డదక్కా, ఇగ లే" అన్నప్పుడు నేను పండుకొని లేను. గంప కాడ కూసున్న, నోటినిండ రేగుపండ్లు. అందుకే నీకు జవాబియ్యలే. నువ్వు విన్న సప్పుడు నేను లేసిన సప్పుడు గాదు, మల్ల చాప మీదికి ఉరికిన సప్పుడు. నీళ్ళు ముంచింది నోరు పుక్కిలియ్యను.

మా అత్త కదిలినవని తిడితె నేను నోరు మూసుకున్నది ఎందుకనుకున్నవు? ఆమె తిట్టింది నిజం గనుక.

నలభై ఐదేండ్లు ఇద్దరం ఒక్క పాపాన్ని రెండు ఇండ్లల్ల దాచుకున్నం. నేను ఇక్కడికి వచ్చినప్పుడు అదే అనుకున్న, దీని పెదవికి నేను కట్టాలె, కట్టినంత దినాలు కట్టాలె అని. ఎన్ని దినాలు కడితె తీరుతదో చెప్పేటోడు లేడు. అందుకే సార్ బుక్రా అంటె ఇన్నేండ్లు ఊకున్న. ఈ మాట నాకే ఇయ్యాల ఎరుకైంది.

షైని ఏమంటదో విను. పెదవి అతికేది కడుపుల రెండో నెలలనేనట. కొందరికి అతుకది. గ్రహణానికి ఎరుక లేదు, రేగుపండ్లకు ఎరుక లేదు, రోకలికి అంతకన్న ఎరుక లేదు. ఆమె దవాఖానల ఇసొంటి పిల్లలు వందమందిని చూసిందట, వాళ్ళ తల్లులు ఎవ్వరు గ్రహణం నాడు లేసినోళ్ళు గారు. నర్సు పిల్ల చెప్తె రెండు నిమిషాల మాట. మనం దీనికి ఎంత కాలం పోసినం తమ్మీ.

నాకు యాష్టకొచ్చింది. కోపం గూడ అలిసిపోయింది. ఒక్కటే అడుగుత. అప్పుడు విడువక ముందే విడిచిందని చెప్పినవు, నేను నీ మాట వినకముందే లేసిన. అది అట్ల పోనియ్యి. ఇప్పుడు నిజంగ విడిచింది. నాకు గడియారం రాదు, కాయితం రాదు. ఎవ్వలన్న బయట నిలవడి చెప్పాలె గద.

వచ్చే శుక్రవారం గాదు, ఆ మీది శుక్రవారం, జుమా నమాజు అయినంక మజ్లిస్‌ల అందరుంటరు. అప్పటికి నీ షట్‌డౌన్ అయిపోతదని ఖయ్యూమ్ అంటున్నడు. రోకలి పడ్డదని చెప్పు. నీ వయసు నీ ఇష్టం, ఏది చెప్పుకుంటవో చెప్పుకో.

లస్మవ్వ ఏలిముద్ర


దమ్మాం
శుక్రవారం, 4 జూలై 2025
జుమా నమాజు అయినంక, మజ్లిస్‌ల

ఇంటి యజమాని సార్‌కు, ఆయన అన్నదమ్ములకు, ఇక్కడ కూసున్న పెద్దమనుషులకు లస్మవ్వ చెప్పి రాయించే సంగతి. ఖయ్యూమ్ అరబీల చదివి చెప్తడు.

నా పేరు లస్మవ్వ. నా వయసు డెబ్బై. పాస్‌పోర్టుల యాభై ఆరు ఉన్నది, అది భూషణం వయసు, నాది గాదు. నా ఇల్లు మెట్‌పల్లి అవతల. ఇంట్ల ఉండేది నా బిడ్డ సరళ, వయసు నలభై ఐదుకు రెండు నెలలు తక్కువ. దాని వయసు తప్పు పోదు, గ్రహణం ఏడాదిల పుట్టింది. నా కాయితం ఒప్పయితె, నేను పదకొండేండ్లకు దాన్ని కన్నదాన్నయిత. పెద్దమనుషులు, బిడ్డలున్నోళ్ళు, మీరే చెప్పుండ్రి.

ఇరవై రెండేండ్లు ఈ ఇంట్ల పని చేసిన. పెద్ద మేడంను నా చేతులతోని చూసుకున్న. ఆమె మీద, సార్ మీద నాకు కోపం లేదు. మొన్న పనికి వచ్చిన కొత్త పిల్లకు మందులు, తిప్పుడు, తుడుచుడు నేర్పిన. పెద్ద మేడం మొగడు వచ్చిండా అని అడిగితె రేపు అని చెప్పద్దు, కూసుండి చెయ్యి పట్టుకో, ఆమెనే మరిచిపోతది అని గూడ నేర్పిన. అది నేను ఆలస్యంగ నేర్చుకున్న.

పదిమందిల సార్ ఒక మాటన్నడు. నా తమ్ముడు వచ్చి చెప్తె ఎగ్జిట్ పెడుతనన్నడు. నా తమ్ముడు వచ్చిండు. నా పక్కన కింద కూసున్నడు, కుర్చీ వేస్తె కూసుంటలేడు. సార్ నిన్ను ఎక్కడనో చూసినట్టున్నది అన్నడు. మీ మనిషినే సార్, జుబైల్ ప్లాంటుల అన్నడు. నేను వాని దిక్కు చూసిన. వాడు నా దిక్కు చూడకుంట కలం అడిగిండు.

నేను చెప్పింది నిజం. రెండేండ్లు ఇంకా నా తాన లేవు. ఉన్నయి నా బిడ్డవి.

లస్మవ్వ ఎడమ బొటనవేలి ముద్ర

సాక్షులు:

1. షైని, నర్సు. రాసింది నేనే. మార్చింది ఏమీ లేదు.

2. ఖయ్యూమ్, డ్రైవర్. చదివి వినిపించింది నేనే. సార్ ఫోన్ జేబులకెల్లి తీసిండు, నేను చూసిన.

3. బాలన్న. లస్మవ్వకు తమ్ముడు, ఎనిమిదేండ్లు చిన్న. కాయితంల యాభై ఏడు. నిజం వయసు అరవై రెండు. పెద్ద గ్రహణం నాడు నాకు పదిహేడు, రోకలి కాడ నేనే కూసున్న.

పడ్డదక్కా. ఇగ లే.